ఐదుగురు తండ్రుల బిడ్డ క్లోన్ అవుతాడా?

మన ఇళ్ళలో పదిహేనేళ్ళు దాటిన పిల్లలను "నలభై ఏడు అంటే ఎవరు?" అని అడిగి చూడండి. బోడితల, నల్ల సూటు, ఎర్ర టై, తల వెనుక బార్‌కోడ్ ముద్ర గల ఒక కిరాయి హంతకుని వర్ణిస్తారు. డెన్మార్కు రాజధాని కోపెన్‌హాగెన్‌కు చెందిన ఐ.ఓ. ఇంటరాక్టివ్ సంస్థ 2000లో 'హిట్‌మాన్ : కోడ్‌నేమ్ 47' అనే కంప్యూటర్ ఆటను విడుదల చేసింది. అప్పటినుండి ఈ వరుసలో ఎన్నో ఆటలు, 2007లోను 2015లోను రెండు చలనచిత్రాలు వచ్చాయి. 2021లో వచ్చిన ఆటలో కథ మన పొరుగునున్న దుబాయిలోని ఒక కల్పిత ఆకాశహర్మ్యంలో మొదలవుతుంది. ఇవి పెద్దవారి కోసం ఉద్దేశించిన ఆటలని పెట్టెమీద అచ్చువేసే ఉంటుంది. అయినను పిల్లలకు ఈ కథ కంఠతా వచ్చును. దానిలోని జీవశాస్త్రాన్ని కూడ వారు నిజమని నమ్ముతున్నారు. అందుచేతనే ఈ వ్యాసం.

కథ ప్రకారం ఆర్ట్‌మేయర్ అనే వైద్యుడు రుమేనియాలోని ఒక పిచ్చాసుపత్రి అడుగున రహస్య ప్రయోగశాల నడుపుతాడు. తనతో కలిపి ఐదుగురు పురుషుల డి.ఎన్.ఏ.ను మేళవించి, లోపమెరుగని మనిషిని తయారుచేయాలని అతని సంకల్పం. అలా 1964 సెప్టెంబరు 5న పుట్టినవాడే మన కథానాయకుడు. (అది మన ఉపాధ్యాయ దినోత్సవం కూడ కావడం కేవలం కాకతాళీయం.) తలమీది సంఖ్యలో చివరి రెండంకెలు 47 కాబట్టి అదే అతని పేరయింది.

ఇతనిని అందరూ క్లోన్ అంటారు. ముందుగా ఆ మాటను పరిశీలిద్దాం. గ్రీకు భాషలో దాని మూలానికి అర్థం కొమ్మ, రెమ్మ. ఒక కొమ్మ నుండి మరొక చెట్టును పుట్టించడం మన రైతుకు తరతరాలుగా తెలిసిన విద్య. బంగినపల్లి మామిడి టెంకను నాటితే బంగినపల్లి వస్తుందన్న భరోసా లేదు. అంటు కడితేనే వస్తుంది. ఆ లెక్కన నేడు మన తోటలలోని బంగినపల్లి చెట్లన్నీ ఒకే మూలవృక్షపు శరీరానికి కొనసాగింపులు. ఇక్కడి ఖర్జూరమూ అంతే. గింజనుండి మొలిచిన ఖర్జూరపు చెట్టు ఆడదో మగదో ముందుగా తెలియదు, పండు గుణమూ తెలియదు. అందుకే ఒమాన్ రైతులు తల్లి చెట్టు మొదట వచ్చే పిలకలను వేరుచేసి నాటుతారు. మత్రా సూక్‌లో మనం కొనే ఖలాస్, ఫర్ద్ రకాల ఖర్జూరాలు క్లోన్ల మీద పండినవే.

అంటే క్లోన్‌కు మూలం ఒక్కటే ఉండాలి. ఐదుగురి నుండి తీసిన పదార్థం కలిపితే పుట్టేది ఒక సరికొత్త మిశ్రమం, ఎవరికీ ప్రతిరూపం కాదు. అటువంటి మిశ్రమం ఒకటి తయారైన పిమ్మట, దానినే మళ్ళీ మళ్ళీ ముద్రవేస్తే ఆ ముద్రలను క్లోన్లు అనవచ్చును.

మరి ఆ మిశ్రమం సాధ్యమా? మానవకణంలో 46 క్రోమోజోములుంటాయి. ఐదుగురివీ గుత్తగా పోస్తే 230 అవుతాయి, ఆ కణం బ్రతకదు. 21వ క్రోమోజోము ఒక్కటి అదనంగా వచ్చి 47 అయితేనే డౌన్ సిండ్రోమ్ కలుగుతుంది. కాబట్టి ఒక్కొక్కరి నుండి కావలసిన జన్యువులను మాత్రమే కోసి, సరియైన చోట అతకాలి. కోయడానికి కత్తెర కావాలి. డి.ఎన్.ఏ.ను నిర్దిష్ట స్థానంలో ఖండించే ఎంజైము 1970లో గాని చేతికందలేదు. ఖండాలను అతికి కొత్త డి.ఎన్.ఏ.ను తయారుచేయడం 1972లో, ఆ అక్షరమాలను వేగంగా చదివే సాంగర్ పద్ధతి 1977లో వచ్చాయి. 1964లో ఆర్ట్‌మేయర్‌కు కత్తెర లేదు, జిగురు లేదు, చదవడానికి అక్షరాలూ పూర్తిగా రావు. జన్యుసంకేతంలో తొలి పదాన్ని 1961లో నీరెన్‌బర్గ్, మథాయ్ చదివారు. మొత్తం పట్టిక పూర్తయ్యేసరికి 1966 అయింది.

ఆ పట్టిక పూర్తికావడంలో మన హరగోవింద ఖొరానా పాత్ర గొప్పది. నేను రసాయన శాస్త్రం చదివినవాడిని గనుక ఇక్కడ కొంచెం ఆగుతాను. ఖొరానా స్వతహాగా కర్బన రసాయన శాస్త్రజ్ఞుడు. పంజాబులోని రాయపూర్ అనే చిన్న పల్లెలో పుట్టి, 1948లో లివర్‌పూల్‌లో డాక్టరేటు పొందాడు. 1968లో నీరెన్‌బర్గ్, హోలీలతో కలిసి నోబెల్ బహుమతి అందుకున్నాడు. 1970లో ఆయన బృందం సీసాలలో ఒక జన్యువును నిర్మించినట్లు ప్రకటించింది. ఈస్టుకు చెందిన ఆ జన్యువులో ఉన్నవి 77 అక్షరాల జతలు మాత్రమే. ఒక్కొక్క అక్షరాన్ని చేర్చేముందు మిగిలిన చర్యాశీల స్థానాలన్నింటికీ రసాయనికంగా తొడుగు వేయాలి, చర్య జరపాలి, శుద్ధి చేయాలి, తొడుగు తీయాలి, మళ్ళీ మొదలుపెట్టాలి. ప్రయోగశాలలో రెండు మూడంచెల సంశ్లేషణ చేసినవారికి కూడ ఆ శ్రమ ఎటువంటిదో అర్థమవుతుంది. మానవుని జన్యుగ్రంథం సుమారు 300 కోట్ల జతలు. అంటే ఖొరానా జన్యువుకు దాదాపు 3.9 కోట్ల రెట్లు! నేలమాళిగలో ఒంటరి వైద్యుడు 1964లో దానిని తిరగరాశాడని చెప్పే కథకునికి ధైర్యం ఎక్కువే.

అయితే కథకుడు పూర్తిగా గాలిలో మేడ కట్టలేదు. కేంద్రకాన్ని మార్చే ప్రయోగం ఆనాటికే ఉన్నది. 1952లో బ్రిగ్స్, కింగ్ అనేవారు కప్ప అండంలోని కేంద్రకాన్ని తీసివేసి, పిండకణపు కేంద్రకాన్ని ప్రవేశపెట్టి తోకకప్పలను పొందారు. ఇంగ్లండులో జాన్ గర్డన్ 1962లో తోకకప్ప పేగు కణాలతో అదే సాధించాడు. దానికి నోబెల్ బహుమతి 2012లో వచ్చింది.

ఎదిగిన క్షీరదపు కణం నుండి క్లోన్ పుట్టడానికి 1996 జులై 5 దాకా ఆగవలసివచ్చింది. స్కాట్లండులోని రోస్లిన్ సంస్థలో ఆరేళ్ళ గొఱ్ఱె పొదుగు కణాలను తీసుకొని, వాటికి పోషకాలు తగ్గించి నిద్రావస్థకు చేర్చారు. కేంద్రకం తొలగించిన అండంతో ఆ కణాన్ని విద్యుత్ ఘాతంతో కలిపారు. ఇలా కలిసినవి 277. వాటిలో పిండాలుగా ఎదిగినవి 29. వాటిని 13 గొఱ్ఱెల గర్భాలలో ఉంచగా పుట్టినది ఒక్క డాలీ. ఈ లెక్కను పిల్లలకు తప్పక చెప్పాలి. మనుషుల విషయంలో ఆ మిగిలిన 276 ప్రయత్నాలకు అండాలిచ్చే స్త్రీలెవరు, గర్భస్రావాలు భరించేదెవరు? ఆట తండ్రుల లెక్క చెప్పింది గాని అండం లేనిదే, గర్భం లేనిదే ఏ క్లోనూ పుట్టదు. పైగా అండంలోని మైటోకాండ్రియాలకు సొంత డి.ఎన్.ఏ. ఉన్నది. డాలీకి అది పొదుగు కణమిచ్చిన గొఱ్ఱె నుండి రాలేదు, అండమిచ్చిన గొఱ్ఱె నుండి వచ్చింది. తల్లి వాటా అలా నిలిచిపోతుంది. పుట్టేదికూడ పసిబిడ్డే.

మనకు దగ్గరలో 2009 ఏప్రిల్ 8న దుబాయిలో ఇంజాజ్ అనే ఆడ ఒంటె పుట్టింది. ప్రపంచంలో తొలి క్లోన్ ఒంటె అది. ఆ బృందానికి నాయకుడు భారతీయుడైన డాక్టర్ నిసార్ అహ్మద్ వాని. 2005లో మాంసానికై వధించిన ఒక ఒంటె అండాశయ కణాలను శీతలీకరించి ఉంచి వాడారు. అదే ఏడాది కర్నాల్‌లోని జాతీయ పాడి పరిశోధన సంస్థలో ఒక క్లోన్ గేదెదూడ పుట్టి కొద్దిరోజులకే మరణించగా, జూన్‌లో గరిమ పుట్టింది. హైదరాబాదులోని సి.సి.ఎం.బి.లో డాక్టర్ లాల్జీ సింగ్ మన దేశంలో అంతరించిన చీతాను ఇరాన్ చీతాల కణాలతో క్లోన్ చేయాలని తలపెట్టారు. ఇరాన్ ఒప్పుకోలేదు. చివరకు 2022లో నమీబియా నుండి మామూలు చీతాలనే విమానంలో తెచ్చుకున్నాము.

ఇటువంటి ప్రసంగం వచ్చినప్పుడల్లా మనలో ఎవరో ఒకరు కౌరవులు క్లోన్లే అంటారు. గాంధారి ప్రసవించిన మాంసపిండాన్ని ముక్కలు చేసి నేతికుండలలో ఉంచడం వినడానికి అలాగే ఉంటుంది. కాని ఒకే పిండం నుండి వచ్చినవారిలో దుస్సల ఆడపిల్ల ఎలా అయింది? నిండుసభలో ద్రౌపది పక్షాన మాట్లాడిన వికర్ణుడు దుర్యోధనునికి ప్రతిరూపమా? వ్యాసుని ఊహ గొప్పది. దానికి ప్రయోగశాల ధ్రువపత్రం తగిలించనక్కరలేదు.

వికర్ణుని ప్రస్తావనతో అసలు ప్రశ్నకు వచ్చాము. హంతకుని కణాల నుండి హంతకుడే పుడతాడా? కవలలలో ఒకే అండం నుండి పుట్టినవారు ప్రకృతిసిద్ధమైన క్లోన్లు. వారి వేలిముద్రలు సైతం ఒకటి కావు. 2001 డిసెంబరులో టెక్సాస్‌లో క్లోన్ చేసిన 'సీసీ' అనే పిల్లికూన, తన మూలమైన మూడురంగుల పిల్లిని పోలిన చారలతో పుట్టలేదు. ఆడపిల్లి కణాలలో రెండు ఎక్స్ క్రోమోజోములలో ఏది నిద్రపోతుందో పిండదశలో యాదృచ్ఛికంగా నిర్ణయమవుతుంది. బొచ్చు రంగే నకలు కానప్పుడు బుద్ధి నకలవుతుందా? ఆటలోనే చూడండి, ఆ పిల్లవానికి చిన్నతనం నుండి ఆయుధశిక్షణ ఇచ్చారు. జన్యువులలోనే చంపే విద్య ఉంటే ఆ బడి ఎందుకు?

మనిషిని క్లోన్ చేశామని 2002 డిసెంబరులో ఒక సంస్థ చాటుకొని ఏ రుజువూ చూపలేదు. మానవ క్లోన్ పిండాల నుండి మూలకణాలు తీశామన్న దక్షిణ కొరియా వ్యాసాలు కల్పితమని తేలి 2006లో ఉపసంహరించబడ్డాయి. డాలీ పద్ధతిలో కోతులను క్లోన్ చేసినట్లు చైనా శాస్త్రజ్ఞులు 2018లో ప్రకటించారు. మన దేశపు మార్గదర్శకాలు మానవ క్లోనింగును నిషేధించాయి.

ఇక ప్రతిరూపాల బలహీనత సంగతి. మత్రా సూక్‌లో బస్తాలకెత్తి ఉండే నల్లని ఎండు నిమ్మకాయలు, లూమీ, మీరు చూసే ఉంటారు. ఈ నిమ్మ మన గూడూరు నిమ్మకు దగ్గరి చుట్టమే. దీని గింజలో తల్లి కణజాలం నుండే పిండాలు ఏర్పడతాయి కనుక గింజ వేసినా అధికభాగం మొక్కలు తల్లికి నకళ్ళే. 1970ల నుండి ఒమాన్ బాతినా తీరంలో కొమ్మల చివర చిట్టి ఆకులు చీపురుకట్టలా గుబురుకట్టి చెట్టు ఎండిపోయే తెగులు వ్యాపించింది. ఫైటోప్లాస్మా అనే సూక్ష్మజీవి దానికి కారణం. రసం పీల్చే చిన్న పురుగు దానిని చెట్టునుండి చెట్టుకు చేరుస్తుంది, అంటుకొమ్మలూ చేరుస్తాయి. ఒక చెట్టు తట్టుకోలేనిదాన్ని దాని నకళ్ళేవీ తట్టుకోలేదు. తోటలకు తోటలే పోయాయి.