ఆదివారం పరుగెత్తని ఎరిక్

రగ్బీ అనే ఆట ఉంది. మన ఊళ్లలో ఆడేవాళ్లు తక్కువ. ఇంగ్లండు, స్కాట్లండు దేశాల్లో దానికి చాలా పేరు. ఆ బంతి గుండ్రంగా ఉండదు. కోడిగుడ్డులా కోలగా ఉంటుంది. దాన్ని చేత పట్టుకుని పరుగెత్తాలి. ఎదుటి జట్టు గీత దాటి నేలకు ఆనించాలి. ఎదుటివాళ్లు ఊరుకుంటారా? మీదపడి పట్టేస్తారు. కబడ్డీలో కూతకు వచ్చినవాణ్ణి పట్టినట్టే. జట్టుకు 15 మంది. మైదానం అంచున ఉండే ఆటగాణ్ణి వింగర్ అంటారు. వింగర్‌కు కాళ్లే బలం. బంతి అందిందా, ఇక పరుగే.

ఎరిక్ లిడ్డెల్ అలాంటి వింగర్. అతని తల్లిదండ్రులది స్కాట్లండు. క్రైస్తవ మత ప్రచారానికి చైనా వెళ్లారు. 1902లో అక్కడి టియెంట్సిన్ నగరంలో ఎరిక్ పుట్టాడు. చదువు కోసం బ్రిటన్ చేరాడు. 1922, 1923 సంవత్సరాల్లో స్కాట్లండు జట్టులో 7 మ్యాచ్‌లు ఆడాడు. తర్వాత రగ్బీ మానేశాడు. పరుగు పందేల మీదే మనసు పెట్టాడు.

1923లో 440 గజాల పందెం జరిగింది. మొదట్లోనే ఎరిక్ కింద పడ్డాడు. లేచి చూస్తే అందరూ ముందున్నారు. అయినా పరుగెత్తాడు. ఒక్కొక్కరినీ దాటి గెలిచాడు. గెలిచాక కుప్పకూలిపోయాడు.

1924లో పారిస్‌లో ఒలింపిక్ పోటీలు వచ్చాయి. 100 మీటర్ల పరుగులో ఎరిక్ మీద బ్రిటన్ ఆశ పెట్టుకుంది. అయితే తొలి పోటీలు ఆదివారం పడ్డాయి. ఆదివారం దేవుడి రోజు, ఆటలు ఆడకూడదని ఎరిక్ నమ్మకం. ఆ సంగతి నెలల ముందే తెలిసింది. పరుగెత్తనని చెప్పేశాడు. చాలామంది తప్పుపట్టారు. ఎరిక్ వినలేదు.

వేరే రోజుల్లో జరిగే పందేలకు దిగాడు. 200 మీటర్లలో కంచు పతకం వచ్చింది. ఇక 400 మీటర్లు. ఈ పందెంలో మొదట కొంచెం దమ్ము దాచుకోవాలంటారు. ఎరిక్ దాచుకోలేదు. మొదటి నుంచీ శక్తికొద్దీ పరుగెత్తాడు. 47.6 సెకన్లలో చేరాడు. బంగారు పతకం!

అంత పేరు వచ్చాక ఎవరైనా ఏం చేస్తారు? ఎరిక్ 1925లో చైనా వెళ్లిపోయి బడిపంతులయ్యాడు. పిల్లలకు సైన్సు చెప్పేవాడు. ఆటలు నేర్పేవాడు. తర్వాతి కాలంలో చైనాలో చాలా భాగం జపాన్ సైన్యం చేతిలో పడింది. ప్రమాదం పెరిగింది. 1941లో భార్యనూ, ఇద్దరు కూతుళ్లనూ కెనడా పంపేశాడు. అప్పుడు ఆమె గర్భిణి. 1943లో జపాన్ సైనికులు అతన్ని వైషియన్ నిర్బంధ శిబిరంలో పెట్టారు.

శిబిరంలో పిల్లలు చాలామంది ఉన్నారు. కొందరికి తల్లిదండ్రులు దగ్గర లేరు. ఎరిక్ వాళ్లకు పాఠాలు చెప్పాడు. ఆటలు పెట్టాడు. ఆదివారం మాత్రం ఆట లేదు. ఒక ఆదివారం పిల్లలు తమంతట తామే ఆడారు. ఆట కాస్తా కొట్లాట అయింది. ఆ తర్వాతి ఆదివారం ఎరిక్ మైదానానికి వచ్చాడు. రిఫరీగా నిలబడి ఆడించాడు. ఒలింపిక్ కోసం తప్పని నియమం అది. ఈ పిల్లల కోసం తప్పాడు.

1945 ఫిబ్రవరి 21న ఎరిక్ శిబిరంలోనే చనిపోయాడు. మెదడులో కణితి. వయసు 43. ఆ ఆగస్టులో శిబిరం గేట్లు తెరుచుకున్నాయి. కెనడాలో పుట్టిన మూడో కూతుర్ని ఎరిక్ ఒక్కసారి కూడా చూడలేదు.