మెదడు గదుల్లో ఊగే శైలికలు: ఒక మార్కు ప్రశ్న వెనుక అసలు పాఠం



మెదడు చుట్టూ ఒక ద్రవం ఉంటుందని, అది మెదడును దెబ్బల నుంచి కాపాడుతుందని మీ పిల్లలు పదో తరగతి సైన్స్‌లో చదువుతారు. ఒక మార్కు ప్రశ్న కాబట్టి బట్టీ పట్టి ముందుకు వెళ్లిపోతారు. మీరు ఇంట్లో ఇంకో మూడు ప్రశ్నలు అడిగి చూడండి. ఆ ద్రవం ఎక్కడి నుంచి వస్తుంది? ఎక్కడికి పోతుంది? దాని దారి మూసుకుపోతే ఏమవుతుంది? మూడో ప్రశ్నకు జవాబు పిల్లలకంటే ముందు మనకు తెలియాలి.

నాలుగు గదులు, ఒకే దారి

మెదడు లోపల ఒకదానితో ఒకటి కలిసిన నాలుగు ఖాళీ గదులు ఉంటాయి. వీటిని వెంట్రికల్స్ అంటారు. వీటిలో నిండి ఉండే ద్రవమే సెరిబ్రోస్పైనల్ ఫ్లూయిడ్, క్లుప్తంగా సీఎస్ఎఫ్. తెలుగు మీడియంలో చదివిన పేరెంట్స్‌కు ఇది మస్తిష్క మేరు ద్రవంగా గుర్తుండే ఉంటుంది. పెద్దవారిలో ఒక సమయానికి ఇది సుమారు 150 మిల్లీలీటర్లే ఉంటుంది. కానీ రోజుకు తయారయ్యేది సుమారు 500 మిల్లీలీటర్లు. అంటే పాత ద్రవం రక్తంలో కలిసిపోతూ, కొత్తది వస్తూ, రోజుకు మూడు నాలుగు సార్లు మారుతుంది. దాదాపు 1400 గ్రాముల మెదడు ఈ ద్రవంలో తేలుతూ 50 గ్రాముల బరువే ఉన్నట్టు ఉంటుంది.

గోడలకు టైల్స్ లాంటి కణాలు

ఈ గదుల గోడలకు లోపలివైపు ఒకే వరుసలో, టైల్స్ పరిచినట్టు ఎపెండిమల్ కణాలు ఉంటాయి. ఒక్కో కణం మీద పదుల కొద్దీ సన్నటి సీలియా, అంటే శైలికలు, ఉంటాయి. గాలికి వరిచేను ఒకే వైపు అలలా ఊగినట్టు ఇవన్నీ కలిసి కదులుతాయి. మెదడు గదుల్లోని ఈ కదలికను చెక్ శాస్త్రవేత్త పుర్కిన్యే 1836లోనే వర్ణించారు. సీఎస్ఎఫ్‌ను ప్రధానంగా ముందుకూ వెనక్కూ కదిలించేవి మన గుండె చప్పుడు, ఊపిరి. గోడ పక్కనున్న ద్రవం నిలిచిపోకుండా చూసేవి ఈ శైలికలు.

పారమీషియం ఈదేది శైలికలతోనే. మన శ్వాసనాళంలో దుమ్మును పైకి నెట్టేవీ అవే. పిల్లలు ఈ మూడింటినీ వేర్వేరు పాఠాల్లో చదివి, వేర్వేరు జవాబులుగా గుర్తుపెట్టుకుంటారు. మూడు చోట్లా పనిచేసేది ఒకే రకం నిర్మాణం అని తెలిస్తే మూడు పాఠాలు ఒకటవుతాయి.

ఇంకో ముఖ్యమైన విషయం. చర్మం గీసుకుపోతే కొత్త కణాలు వస్తాయి. ఎపెండిమల్ కణాలు పూర్తిగా ఎదిగిన తర్వాత సాధారణంగా విభజన చెందవు. పోయిన చోట మచ్చలాంటి కణజాలం ఏర్పడుతుంది కానీ, దాని మీద ఊగే శైలికలు ఉండవు.

దారి మూసుకుపోతే

మోటార్ ఆన్‌లోనే ఉండి, ట్యాంకు నుంచి కిందికి దిగే పైపు మూసుకుపోయిందనుకోండి. సీఎస్ఎఫ్ విషయంలోనూ అంతే. తయారీ ఆగదు, ద్రవం పేరుకుంటుంది, గదులు ఉబ్బి మెదడును నొక్కుతాయి. దీన్నే హైడ్రోసెఫలస్ అంటారు. పుట్టుకతో దారి ఇరుకుగా ఉండటం, నెలలు నిండకుండా పుట్టిన పిల్లల మెదడులో రక్తస్రావం, మెనింజైటిస్, గడ్డలు ఇందుకు కారణాలు కావచ్చు.

పసిపిల్లల పుర్రె ఎముకలు ఇంకా అతుక్కోవు కాబట్టి తల వేగంగా పెద్దదవుతుంది. డాక్టర్ ప్రతిసారీ టేపుతో తల చుట్టుకొలత తీసేది అందుకే. మీ ఇంట్లో చిన్నపాప ఉంటే ఆ కొలతను కార్డులో రాయించుకోండి.

బడికి వెళ్లే వయసులో తల పెరగడానికి చోటుండదు, లోపల ఒత్తిడి పెరుగుతుంది. ఉదయం లేవగానే ఎక్కువగా ఉండే తలనొప్పి, దాంతో వాంతులు, ఒకటి రెండుగా కనిపించడం, నడకలో తూలడం, మామూలుకన్నా మత్తుగా ఉండటం దీని గుర్తులు. పిల్లల తలనొప్పుల్లో చాలావరకు దీనివల్ల వచ్చేవి కావు, కాబట్టి భయపడకండి. కానీ పొద్దున్నే తలనొప్పి, వాంతులు మళ్లీ మళ్లీ వస్తుంటే “స్కూల్ ఎగ్గొట్టడానికి సాకు” అని బస్సు ఎక్కించకండి. డాక్టర్‌కు చూపించండి. జ్వరంతో పాటు మెడ బిగుసుకుపోతే వెంటనే ఆసుపత్రికి తీసుకెళ్లండి.

దీనికి చికిత్స ఉంది. షంట్ అనే సన్నని గొట్టం ద్వారా అదనపు ద్రవాన్ని సాధారణంగా కడుపులోకి మళ్లిస్తారు. షంట్ ఉన్న పిల్లల్లో చాలామంది అందరిలాగే బడికి వస్తారు. అయితే షంట్ మూసుకుపోతే పై గుర్తులు మళ్లీ కనిపిస్తాయి. మీ బాబుకో పాపకో షంట్ ఉంటే దాచకుండా క్లాస్ టీచర్‌కు చెప్పండి. మాకు తెలిస్తేనే ఆ రోజు తలనొప్పిని తేలిగ్గా తీసుకోకుండా మీకు ఫోన్ చేయగలం.

ఇంట్లో చిన్నపిల్లలు ఉంటే టీకాల కార్డు కూడా ఒకసారి చూడండి. బీసీజీ, పెంటావాలెంట్, పీసీవీ టీకాలు కొన్ని రకాల మెనింజైటిస్ నుంచి రక్షణ ఇస్తాయి. ఇవి ప్రభుత్వ కేంద్రాల్లో ఉచితం.

ఈ ఆదివారం చేసి చూడండి

గట్టి మూత ఉన్న డబ్బాలో పచ్చి గుడ్డు పెట్టి కుదపండి. పగులుతుంది. ఇంకో గుడ్డు పెట్టి, అంచు దాకా నీళ్లు నింపి, అంతే గట్టిగా కుదపండి. ఈసారి సాధారణంగా పగలదు. ఎందుకో మీరు చెప్పకండి, పిల్లలనే చెప్పనివ్వండి. ఆ తర్వాత పై మూడు ప్రశ్నలు అడగండి. జవాబు వాళ్ల సొంత మాటల్లో వస్తే పాఠం అర్థమైనట్టే.