మూత బిగించిన డబ్బా

భోగి పండుగనాడు యానాంలో తెల్లవారకముందే వీధుల్లో మంటలు వెలుగుతాయి. పిల్లలు పిడకల దండలు తెచ్చి మంటలో వేస్తారు. విరిగిన కుర్చీలు, పాత చేటలు కూడా అందులో చేరతాయి. ఎవరైనా మూత ఉన్న డబ్బాను వేయబోతే మాత్రం పెద్దలు వారిస్తారు. ఖాళీ డబ్బాకు అంత భయమెందుకు?

డబ్బా ఖాళీగా కనిపించినా దానినిండా గాలి ఉంటుంది. గాలిలోని అణువులు ఎల్లప్పుడూ వేగంగా కదులుతూ డబ్బా గోడలను ఢీకొంటాయి. ఈ తాకిడివల్ల గోడలపై పీడనం కలుగుతుంది. వేడిచేస్తే అణువుల వేగం హెచ్చుతుంది. మూత తెరచి ఉంటే కొంత గాలి బయటికి పోతుంది. మూత బిగించి ఉంటే దానికి దారిలేదు. అణువులు గోడలను మరింత బలంగా, మరిన్నిసార్లు తాకుతాయి. కాబట్టి పీడనం పెరుగుతుంది.

యానాం 1954 వరకు ఫ్రెంచి పాలనలో ఉండేదని మీకు తెలుసు. ఆ ఫ్రాన్సు దేశంలోనే గియోమ్ ఆమోంతోన్ (1663–1705) అనే శాస్త్రజ్ఞుడు ఈ విషయాన్ని పరిశీలించాడు. ఆయనకు చిన్నతనంలోనే వినికిడి పోయింది. అయినా పరిశోధన మానలేదు. గాజు బుడ్డిలో గాలిని పాదరసంతో బంధించి, బుడ్డిని వేడిచేసి చూశాడు. చల్లని నీటి స్థాయి నుండి మరిగే నీటి స్థాయికి వేడి పెరిగితే, గాలి పీడనం దాదాపు మూడోవంతు పెరుగుతుందని గుర్తించాడు.

ఈ సంబంధాన్ని నేడు ఇలా చెబుతాం: ఘనపరిమాణం మారనప్పుడు, నియమిత ద్రవ్యరాశి గల వాయువు పీడనం దాని పరమ ఉష్ణోగ్రతకు అనులోమానుపాతంలో ఉంటుంది. సెల్సియస్ డిగ్రీలకు 273 కలిపితే పరమ ఉష్ణోగ్రత కెల్విన్‌లలో వస్తుంది.

ఇప్పుడు డబ్బా సంగతి లెక్కవేద్దాం. బయట 27 డిగ్రీలు, అంటే 300 కెల్విన్‌లు. మంటలో 627 డిగ్రీలు, అంటే 900 కెల్విన్‌లు అనుకుందాం. ఉష్ణోగ్రత మూడు రెట్లయింది. లోపలి పీడనం కూడా మూడు రెట్లవుతుంది. వాతావరణ పీడనం చదరపు సెంటీమీటరుకు సుమారు 1 కిలో బరువుతో సమానం. బయటి గాలి నొక్కే 1 కిలో పోగా, మూతను చదరపు సెంటీమీటరుకు 2 కిలోల బరువంత బలం బయటికి తోస్తుంది. మూత వైశాల్యం 100 చదరపు సెంటీమీటర్లయితే, మొత్తం 200 కిలోలు! అంత బలానికి మూత ఎగిరి ఎవరికైనా తగలవచ్చు.

దోమల మందు, సెంటు చల్లే డబ్బాలు ఇంకా ప్రమాదకరమైనవి. అయిపోయాయనుకున్నా వాటిలో కొంత ద్రవం మిగిలి ఉండవచ్చు. అది ఆవిరైతే పీడనం మన లెక్కకన్నా ఎక్కువగా పెరుగుతుంది. వాటిని మంటలో వేయరాదు, రంధ్రం చేయరాదు.

పిల్లలూ! ఈసారి భోగి మంట దగ్గర మీ తమ్ముడో చెల్లెలో మూత ఉన్న డబ్బాను తెస్తే ఆపండి. ఎందుకు ఆపారో కూడా చెప్పండి.

ఆలోచించండి

1. మూత తెరచిన డబ్బాను వేడిచేస్తే లోపలి పీడనం ఎందుకు పెరగదు?

2. 27 డిగ్రీల వద్ద ఉన్న సైకిలు ట్యూబులోని గాలి ఎండలో 57 డిగ్రీలకు వేడెక్కింది. ఘనపరిమాణం మారలేదనుకుంటే, పీడనం ఎన్నోవంతు పెరుగుతుంది?