ఇరుగుపొరుగు పాఠశాలల క్రీడాకూటములు

అమెరికా దేశమున చిన్న పట్టణముల హైస్కూళ్లు ఆటలలో ఒంటరిగా నిలువవు. ఇంచుమించు సమానమైన విద్యార్థి సంఖ్య గల పొరుగు పాఠశాలలు కొన్ని కూడి, ఏటేట తమలో తాము పోటీ చేయుటకు కట్టడి చేసికొనును. ఇట్టి కూటమినే కాన్ఫరెన్సు అందురు. దీనివలన ఆటల తేదీలు ముందే నిర్ణయమగును. ప్రయాణపు ఖర్చు తగ్గును. పొరుగూళ్లకు పరిచయము పెరుగును. ఇండియానా రాష్ట్ర చరిత్ర ఇందుకు చక్కని నిదర్శనము.

అచ్చట 1903లో హైస్కూళ్ల రాష్ట్ర క్రీడాసంఘ మేర్పడెను. 1911లో బ్లూమింగ్టన్‌లో జరిగిన ప్రథమ రాష్ట్ర బాస్కెట్‌బాల్ పోటీలో క్రాఫర్డ్స్‌విల్ పాఠశాల గెలిచెను. 1926లో నార్త్ సెంట్రల్ కాన్ఫరెన్సు పుట్టెను. మన్సీ, ఆండర్సన్, కొకోమో, న్యూకాసిల్ పట్టణముల పాఠశాలలు దాని చరిత్రలో ప్రసిద్ధములు. 1959 నాటికి న్యూకాసిల్ జనాభా సుమారు 20,000 మాత్రమే. అయినను 1959లో ఆ ఊరివారు తెరచిన క్రీడామందిరమున 9,000 మందికి పైగా కూర్చుండు వీలుండెను.

కాని కూటమి యన్నచో వెలుపల నిలిచిపోవువారును ఉందురు. ఇండియానాపోలిస్ నగరమున నల్లజాతి విద్యార్థులకై 1927లో తెరచిన క్రిస్పస్ అటక్స్ హైస్కూలుకు 1942 వరకు రాష్ట్ర సంఘమున ప్రవేశము దొరకలేదు. ఆ పిల్లలు తమవంటి పాఠశాలలను వెదకికొనుచు అన్య రాష్ట్రములకు పోయి ఆడవలసి వచ్చెను. తలుపు తెరచిన 13 ఏండ్లకు, 1955లో, ఆస్కార్ రాబర్ట్‌సన్ ఆడిన ఆ జట్టే రాష్ట్ర విజేత యయ్యెను, 1956లోను గెలిచెను.

చిన్న బడుల సంగతియు గమనింపదగినది. 161 మంది విద్యార్థులు గల మైలన్ హైస్కూలు 1954లో రాష్ట్రపు తుదిపోటీలో మన్సీ సెంట్రల్‌ను 32–30తో ఓడించెను. అప్పుడు పెద్ద బడికి, చిన్న బడికి పోటీ ఒక్కటే. 1959 నాటి చట్టము చిన్న పాఠశాలలను కలిపివేయగా అనేక గ్రామములు తమ హైస్కూలును, జట్టు పేరును కోల్పోయెను. 1997తో అందరికిని ఒకే పోటీ యను పద్ధతి ముగిసి, విద్యార్థి సంఖ్యనుబట్టి తరగతు లేర్పడెను. ఇంచుమించు 9,000 ఆసనములు గల ఆండర్సన్ క్రీడామందిరము 2011లో మూతపడెను. ఎంత గొప్ప మందిరమైనను విద్యార్థులును, ధనమును తరిగినప్పుడు నిలువజాలదు.

తల్లిదండ్రులు దీనినుండి గ్రహింపదగిన దేమి? చిన్న పాఠశాలకు ఆట నేర్పుటకు పెద్ద కట్టడ మక్కరలేదు. నాలుగైదు పొరుగు బడుల ప్రధానోపాధ్యాయులు కూర్చుండి తేదీలను, వయోనియమములను వ్రాసికొనిన చాలును. అయితే ఆ పట్టికలో ఏ బడి పేరు చేరలేదో, ఎందులకు చేరలేదో ప్రతి సంవత్సరమును అడుగుట మన బాధ్యత. అటక్స్ బాలురు నిరీక్షించిన పదునైదేండ్లలో ఎందరు క్రీడాకారులు అవకాశము లేకయే చదువు ముగించి వెడలిరో ఆలోచింపుడు.