తొర్రలో సాలీడుకు రెండు మాటల పేరు

పోయిన మిరప కల్లాలప్పుడు వెల్దుర్తి మండలంలో ఒక పల్లెకు వెళ్ళాను. చేని గట్టున ఉన్న ముదురు వేపమానును కొట్టేస్తున్నారు. మాను సగం తెగేసరికి తొర్రలోంచి అరచేయంత సాలీడు బయటపడింది. ఒళ్ళంతా వెంట్రుకలు. కుర్రాళ్ళు చెప్పులు తీసి కొట్టి చంపేశారు. "ఏమయ్యా, పేపరాయనవు గదా, దీని పేరేంది?" అని ఆ చేని పెద్దాయన అడిగాడు. అప్పటికే అది నలిగి ముద్దయిపోయింది. "సాలెపురుగు బాబాయ్" అన్నాను. "ఆ మాత్రం నాకూ తెలుసులేవయ్యా" అన్నాడు. అందరూ నవ్వారు.

నవ్వులాటకు అన్నా ఆ మాటలో నిజముంది. సాలెపురుగు అన్నది పేరు కాదు, గుంపు. ప్రపంచంలో యాభై వేలకు పైగా సాలీడు రకాలున్నాయి. మనం అన్నిటినీ ఒకే మాటతో పిలుస్తాం. చేలో పురుగు విషయంలోనూ ఇదే పొరపాటు చేస్తే నష్టం డబ్బుల్లో కనపడుతుంది. అందుకే ఈ వారం ఒక సాలీడు పేరునే పాఠంగా తీసుకుందాం. అది చెట్ల తొర్రల్లో, బెరడు సందుల్లో బతికే సాలీడు. మన పక్కనున్న నల్లమలదే.

ఇంటిపేరు ముందు, సొంత పేరు వెనుక

ఆ సాలీడు శాస్త్రీయ నామం పోయెసిలోథీరియా మెటాలికా. నోరు తిరగడం లేదని పక్కన పెట్టవద్దు. విడదీస్తే తేలికే.

మొదటి మాట గ్రీకు భాష నుంచి వచ్చింది. 'పోయికిలోస్' అంటే రంగురంగుల, పొడలున్న అని. 'థీరియాన్' అంటే అడవి మృగం. కలిపితే 'పొడల మృగం'. మనం పొడల ఆవు, పొడల మేక అన్నట్టే. ఈ సాలీళ్ళ కాళ్ళ మీద, వీపు మీద పట్టెలు, పొడలు ఉంటాయి. రెండో మాట మెటాలికా. లోహంలా మెరిసేది అని అర్థం. దీని ఒళ్ళు నెమలి మెడలాగా నీలంగా నిగనిగలాడుతుంది. ఆ నీలం పూసిన రంగు కాదు. వెంట్రుకల లోపలి అతి సన్నని పొరల మీద వెలుగు పడి తిరిగి వచ్చేటప్పుడు కలిగే మెరుపు.

ఇందులో మొదటి మాట మన ఇంటిపేరు లాంటిది. శాస్త్రజ్ఞులు దాన్ని ప్రజాతి అంటారు. రెండో మాట సొంత పేరు లాంటిది. దాన్ని జాతి అంటారు. తెలుగువాళ్ళకు ఇది చెప్పనక్కర్లేదు. మనం ఇంటిపేరు ముందు పెట్టి, సొంత పేరు తర్వాత చెబుతాం. శాస్త్రీయ నామం వరుస కూడా అంతే. ఒకే ఇంటిపేరు వాళ్ళు అన్నదమ్ములైనట్టు, పోయెసిలోథీరియా ఇంటిపేరున్న సాలీళ్ళు మన దేశంలోనూ శ్రీలంకలోనూ ఉన్నాయి. ఆ ఇంటిపేరును 1885లో సీమోన్ అనే ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు పెట్టాడు.

రాసే పద్ధతి కూడా తెలుసుకోవాలి. ఇంగ్లీషు లిపిలో రాసేటప్పుడు మొదటి మాటలో మొదటి అక్షరం పెద్దది, రెండో మాట అంతా చిన్న అక్షరాలు. అచ్చులో వాలు అక్షరాలు వేస్తారు. ఒకసారి పూర్తిగా రాశాక, రెండోసారి నుంచి ఇంటిపేరును ఒక్క అక్షరానికి కుదించి పి. మెటాలికా అని రాయవచ్చు. మనం ఇంటిపేరుకు పొడి అక్షరం వాడినట్టే. పేరు వెనుక కనిపెట్టినవారి పేరు, సంవత్సరం ఉంటాయి. దీనికి 'పోకాక్, 1899' అని ఉంటుంది.

గుత్తి పేరు, నల్లమల ఊరు

1899లో పోకాక్ అనే ఇంగ్లీషు శాస్త్రజ్ఞుడు ఈ సాలీడును లోకానికి చెప్పాడు. ఆయనకు అందిన సాలీడు అనంతపురం జిల్లా గుత్తిలో, రైల్వేవారి కలప ఉంచే చోట దొరికింది. అందుకని ఇంగ్లీషు వాడుక పేర్లలో దీనికి గుత్తి పేరు అంటుకుంది. ఆ తర్వాత నూరేళ్ళ పైన శాస్త్రజ్ఞుల్లో ఎవరి కంటా పడలేదు. 2001లో మళ్ళీ కనపడింది. గుత్తిలో కాదు. నంద్యాలకూ గిద్దలూరుకూ మధ్య నల్లమల అడవిలో. గుత్తి అక్కడికి సుమారు వంద కిలోమీటర్లు. అడవి కలపతోపాటు తొర్రలో కూర్చుని రైల్లో గుత్తి చేరి ఉంటుందని పెద్దల అంచనా.

మనవాళ్ళకు ఆ చోటు కొత్త కాదు. నరసరావుపేటలోనో వినుకొండలోనో నంద్యాల రైలెక్కితే గిద్దలూరు దాటాక దిగువమెట్ట దగ్గర నుంచి అడవి మొదలవుతుంది. కిటికీలోంచి చూసే ఆ కొండల్లోనే ఈ సాలీడు కాపురం.

ఇక్కడ గమనించాల్సింది ఒకటుంది. ఊరి పేరు తప్పుదోవ పట్టించింది. గుత్తి సాలీడు అంటే గుత్తిలో ఉంటుందనుకుంటాం. శాస్త్రీయ నామం అలా కాదు. అది ఏ ఊళ్ళో దొరికినా, ఏ దేశంలో రాసినా ఒకటే. ఊరు మారితే వాడుక పేరు మారుతుంది. ఈ పేరు మారదు.

తొర్ర ఉంటేనే కాపురం

ఇది నేల మీద కాపురముండే సాలీడు కాదు. పొడుగాటి పాత చెట్ల తొర్రల్లో గూడు అల్లుకుని, చీకటి పడ్డాక వచ్చిన పురుగుల్ని పట్టి తింటుంది. కాళ్ళు చాపితే జానెడు దాకా ఉంటుంది. తొర్ర పడాలంటే చెట్టుకు వయసు రావాలి. ముదురు చెట్లను కలపకూ వంటచెరకుకూ కొట్టేస్తే దీనికి ఇల్లుండదు. మిగిలి ఉన్న చోటు వంద చదరపు కిలోమీటర్ల లోపేనని, ఇది అంతరించే ప్రమాదం అంచున ఉందని 2008లో అంతర్జాతీయ ప్రకృతి పరిరక్షణ సంఘం ప్రకటించింది. దీని అందం చూసి విదేశాల్లో పెంచుకునేవాళ్ళున్నారు. అందుకని 2019లో ఈ ఇంటిపేరున్న సాలీళ్ళన్నిటినీ అంతర్జాతీయ వన్యప్రాణి వ్యాపార ఒప్పందం కిందకు తెచ్చారు. అనుమతి లేకుండా దేశం దాటించకూడదు. ఎవరైనా వచ్చి పట్టిస్తే డబ్బులిస్తామంటే ఆ మాట నమ్మి చిక్కుల్లో పడవద్దు.

కరిస్తే ఏమవుతుందన్నది పెద్దాయన అడగకపోయినా అందరి మనసులో ఉన్న భయమే. ఈ రకం సాలీళ్ళు కరిస్తే బాగా నొప్పి, వాపు, కండరాలు పట్టేయడం ఉంటాయి. కొందరికి రోజుల తరబడి బాధ ఉంటుంది. మనుషులు చనిపోయినట్టు మాత్రం దాఖలాలు లేవు. చేత్తో ముట్టుకోకూడదు. కరిస్తే పసర్లు పూయకుండా ఆస్పత్రికి వెళ్ళాలి. దానంతటది వచ్చి మనిషి మీద పడదు. తొర్రలో చెయ్యి పెట్టకుండా ఉంటే సరిపోతుంది.

గోడ సందులో, నేల నెర్రెలో

మన నాపరాళ్ళ గోడల సందుల్లో, సున్నం పెచ్చుల కింద చిన్న తెల్లని బిళ్ళలాంటి గూడు కనపడుతుంది. అందులో ఉండే చిన్న సాలీళ్ళలో ఒక ఇంటిపేరు ఈకోబియస్. గ్రీకులో 'ఇంట్లో బతికేది' అని అర్థం. చీమల్ని పట్టి తింటుంది. పేరు చూడగానే బతుకు తెలిసిపోతుంది.

ఇక నల్లరేగడి నెర్రెల్లో, వరి దుబ్బుల మొదట్లో చకచకా పరిగెత్తే సాలీడును రైతులందరూ చూసే ఉంటారు. గూడు కట్టి కూర్చోదు, వేటాడి పడుతుంది. తల్లి గుడ్ల సంచిని వెనుక తగిలించుకుని, పిల్లల్ని వీపు మీద మోస్తూ తిరుగుతుంది. సుడిదోమకు ఇది యముడు. ఒక్కొక్కటి రోజుకు 5 నుంచి 15 పురుగుల్ని తింటుందని ఫిలిప్పీన్స్‌లోని అంతర్జాతీయ వరి పరిశోధనా సంస్థ చెప్పింది. సాగర్ కుడి కాలువ కింద వరి వేసేవారికి ఇది కూలి అడగని పాలేరు.

దీని పేరులో ఒక చిక్కుంది. పాత వ్యవసాయ పుస్తకాల్లో లైకోసా సూడోయాన్యులాటా అని ఉంటుంది. కొత్త పుస్తకాల్లో పార్డోసా సూడోయాన్యులాటా అని ఉంటుంది. రెండు సాలీళ్ళు అనుకోవద్దు. ఒక్కటే. లైకోసాలో తోడేలు ఉంది, పార్డోసాలో చిరుత ఉంది. తోడేలు ఇంటి నుంచి చిరుత ఇంటికి దత్తత పోయిందన్నమాట. ఇంటిపేరు మారింది, సొంత పేరు అలాగే ఉంది. ఇలా ఇల్లు మారినప్పుడు పేరు పెట్టినవారి పేరును, సంవత్సరాన్ని కుండలీకరణాల్లో వేస్తారు. మారకపోతే వేయరు. నీలి సాలీడు ఇల్లు మారలేదు కాబట్టి పోకాక్ పేరు చుట్టూ కుండలీకరణాలు లేవు.

పేరు తప్పితే మందు తప్పుతుంది

ఇదంతా మనకెందుకు అనుకునేవారు మిరప చేలోకి రండి. ఆకు అడుగున సన్నని గూడు, ఎర్రని చుక్కల్లాంటి పురుగులు కనపడగానే 'సాలెపురుగు పట్టింది' అని కొందరంటారు. అది ఎర్రనల్లి. ఎనిమిది కాళ్ళుంటాయి, సాలీడుకు దూరపు చుట్టమే గానీ సాలీడు కాదు. సాలీడు పురుగుల్ని తింటుంది, నల్లి ఆకు రసాన్ని పీలుస్తుంది. నల్లి ఇంటిపేరు టెట్రానైకస్. నల్లిని పురుగు అనుకుని సింథటిక్ పైరిథ్రాయిడ్ మందులు పదేపదే కొడితే నల్లి తగ్గకపోగా పెరుగుతుంది. ఎందుకంటే నల్లిని తినే మిత్ర పురుగులు, సాలీళ్ళు ముందు చస్తాయి. నల్లికి నల్లి మందే కొట్టాలి.

2021 చివర్లో, 2022 మొదట్లో మన మిరపకు జరిగింది ఎవరూ మరచిపోలేదు. అంతకు ముందు మనకు తెలిసిన తామర పురుగు సిర్టోథ్రిప్స్ డార్సాలిస్. అది లేత ఆకుల్ని గోకి పైముడత తెస్తుంది. ఆ ఏడు పూలల్లో గుంపులుగా కూర్చుని పూత రాల్చింది వేరే పురుగు. రెండిటినీ తామర పురుగనే అన్నాం. పాత మందులే కొట్టాం. పెట్టుబడి పోయింది, కొన్నిచోట్ల చేలు పీకేశారు. శాస్త్రజ్ఞులు అది థ్రిప్స్ పార్విస్పైనస్ అని తేల్చారు. 'చిన్న ముళ్ళున్నది' అని ఆ సొంత పేరుకు అర్థం. దానికి ఆ పేరు 1922లోనే ఉంది. ఇండోనేషియా మిరప రైతులకు అది పాత శత్రువే. మన దేశంలో 2015లోనే బెంగళూరులో బొప్పాయి మీద కనపడింది. పేరు తేలిన తర్వాతే వేరే దేశాల అనుభవం మనకు అక్కరకొచ్చింది. పేరంటే అదీ. ఆ పురుగు గురించి లోకంలో ఎక్కడ ఎవరు ఏం తెలుసుకున్నా మన దగ్గరకు చేర్చే చిరునామా.

రైతు సోదరులు చేయాల్సినవి

చేలో కొత్త పురుగు కనపడితే నలిపేయవద్దు. నాలుగైదు పురుగుల్ని చిన్న సీసాలో వేసి మూత పెట్టండి. సెల్‌ఫోనుతో దగ్గర నుంచి ఫోటో తీయండి. మిరప పూతలో అయితే పూలను తెల్లకాగితం మీద దులిపితే సన్నపురుగులు కనపడతాయి. ఏ పైరు, ఆకు మీదా పూత మీదా, ఎన్ని రోజుల నుంచి అన్నది కాగితం మీద రాసుకోండి. మీ ఊరి వ్యవసాయ సహాయకుడికి గానీ, గుంటూరు లాం ఫారం శాస్త్రజ్ఞులకు గానీ చూపించండి.

అడిగేటప్పుడు "ఏ మందు కొట్టాలి?" అని మొదలుపెట్టవద్దు. "దీని రెండు మాటల పేరేంటండీ?" అని అడగండి. చెప్పింది నోటుబుక్కులో రాయించుకోండి. మందు దుకాణంలో ఆ కాగితం చూపించి, సీసా మీద ఉన్న కాగితంలో ఆ పైరు, ఆ పురుగు ఉన్నాయో లేదో చూసుకున్నాకే డబ్బులు తీయండి. సాలీళ్ళు ఎక్కువగా తిరుగుతున్న వరి చేలో తొందరపడి మందు కొట్టవద్దు. ముందు దుబ్బులు విడదీసి సుడిదోమ ఎంత ఉందో లెక్క చూడండి.

గట్టు మీద తొర్ర మాను ఉంటే నరికే ముందు ఒకసారి ఆలోచించండి. కొట్టక తప్పకపోతే, లోపలున్న ప్రాణిని కర్రతో అదిలించి పోనివ్వండి.

ఈ పాఠం చదువుకున్నాక మొన్న మళ్ళీ ఆ పల్లెకు వెళ్ళాను. పెద్దాయనకు నల్లమల నీలి సాలీడు సంగతంతా చెప్పాను. పేరు రెండుసార్లు పలికించుకున్నాడు. "పొడల మృగమా! మంచి పేరే పెట్టారయ్యా. ఇంకోసారి అట్టాంటిది కనపడితే చంపనియ్యనులే. ఫోటో తీసి నీకే పంపిస్తా, పేరు నువ్వు కనుక్కో" అన్నాడు.