కార్ పార్క్‌లో స్టార్ట్ అవ్వట్లేదా? గేర్ సెలెక్టర్ సెన్సార్ ఫాల్ట్‌ని ఫోన్‌తో కనిపెట్టండిలా

ఎప్పుడూ ఫోన్లు, ఇయర్‌బడ్స్, పవర్ బ్యాంకుల గురించి రాసే నేను ఈసారి కార్ గురించి రాస్తున్నాను. కారణం ఏంటంటే, రూ. 6,800 పెట్టి ఆన్‌లైన్‌లో కొన్న ఒక కొత్త సెన్సార్ మా ఇంట్లో షెల్ఫ్‌లో సీల్ కూడా తీయకుండా పడి ఉంది. ఎలక్ట్రికల్ పార్ట్ కాబట్టి రిటర్న్ లేదు. అసలు దాన్ని కొనాల్సిన అవసరమే లేదు. ఫోన్‌లో ఎర్రర్ కోడ్ కనిపించగానే "పార్ట్ పోయింది" అని డిసైడ్ అయిపోయాను. మీరు ఆ తప్పు చేయకూడదనే ఈ ఆర్టికల్.

అసలు ఏం జరిగిందంటే

మాది ఏడేళ్ల పాత ఆటోమేటిక్ కార్. మొదట ఇబ్బంది పెట్టింది రివర్స్ కెమెరా. రివర్స్ గేర్ వేస్తే ఆండ్రాయిడ్ స్టీరియోలో కెమెరా వ్యూ రావాలి కదా, పదిసార్లలో రెండు మూడు సార్లు రావట్లేదు. గ్యాడ్జెట్ మనిషిని కాబట్టి నా అనుమానం సహజంగానే స్టీరియో మీదకే పోయింది. సాఫ్ట్‌వేర్ అప్‌డేట్ చేశాను, కెమెరా కేబుల్ మార్చాను. తేడా లేదు.

వారం తర్వాత మీటర్ బోర్డులో గేర్ చూపించే అక్షరం అప్పుడప్పుడు మాయమవడం మొదలైంది. దాన్ని ఎవరం పట్టించుకోలేదు.

ఆ తర్వాత ఒక రోజు పొద్దున్నే అమ్మమ్మని కంటి చెకప్‌కి తీసుకెళ్లాలి. సెల్లార్‌లో కార్ ఎక్కాం. నాన్న కీ తిప్పితే లైట్లన్నీ వెలిగాయి కానీ స్టార్టర్ నుంచి చప్పుడే లేదు. నాలుగైదు సార్లు ప్రయత్నించాక లివర్‌ని న్యూట్రల్‌లో పెట్టి తిప్పితే టక్కున స్టార్ట్ అయింది. "హమ్మయ్య" అనుకునేలోపే నాన్న అలవాటుగా బ్రేక్ మీద నుంచి కాలు తీశారు. మా పార్కింగ్ ప్లేస్ ర్యాంప్ పక్కన కొంచెం వాలుగా ఉంటుంది. బండి వెనక్కి జారింది. వెనకాల వాచ్‌మన్ సైకిల్ ఉంది. అది ఇంకో అడుగు దూరంలో ఉండగా నాన్న బ్రేక్ తొక్కారు. వెనక సీట్లో అమ్మమ్మ "ఒరేయ్ ఏమైందిరా!" అని ఒకటే కంగారు.

సాయంత్రం ఒక వర్క్‌షాప్‌కి తీసుకెళ్తే, పది నిమిషాల్లో స్కాన్ చేసి "గేర్‌బాక్స్ సెన్సార్, వైరింగ్ రెండూ మార్చాలి, 24 వేలు అవుతుంది" అన్నారు. వేరే టెస్ట్ ఏదీ చేయలేదు. నాన్న దాదాపు ఒప్పుకున్నారు. నేను తెలివిగా "సెన్సార్ మనమే కొందాం నాన్నా, తక్కువలో అయిపోతుంది" అన్నాను. షెల్ఫ్‌లో ఉన్న సెన్సార్ కథ అదీ.

ఈ సెన్సార్ చేసే పని ఏంటి?

మీరు లివర్‌ని పార్క్ (పీ), రివర్స్ (ఆర్), న్యూట్రల్ (ఎన్), డ్రైవ్ (డీ)లలో దేంట్లో పెట్టారో కార్ కంప్యూటర్‌కి చెప్పేదే ఈ సెన్సార్. దీన్ని ట్రాన్స్‌మిషన్ రేంజ్ సెన్సార్ అంటారు. మెకానిక్‌లు న్యూట్రల్ స్విచ్, ఇన్‌హిబిటర్ స్విచ్ అని కూడా అంటుంటారు. చాలా కార్లలో ఇది లివర్ దగ్గర కాదు, కింద గేర్‌బాక్స్ పక్కన ఉంటుంది. లివర్ కదిపితే కేబుల్ కదులుతుంది, కేబుల్ గేర్‌బాక్స్ మీద ఉన్న షాఫ్ట్‌ని తిప్పుతుంది, ఆ షాఫ్ట్ ఎంత తిరిగిందో సెన్సార్ చూస్తుంది.

పాత డిజైన్లలో లోపల రాగి కాంటాక్టులు ఉంటాయి. ఏ కాంటాక్టులు కలిశాయి అన్నదాన్ని బట్టి గేర్ పొజిషన్ తెలుస్తుంది. కొత్త డిజైన్లలో చాలావరకు అయస్కాంతంతో పనిచేసే హాల్ సెన్సార్లు వాడుతున్నారు. ఫ్లిప్ కవర్ మూస్తే ఫోన్ స్క్రీన్ ఆగిపోతుంది చూశారా, దాని వెనక ఉన్నదీ ఇలాంటి హాల్ సెన్సారే.

ఈ ఒక్క సిగ్నల్ మీద చాలా ఆధారపడి ఉంటాయి. పార్క్ లేదా న్యూట్రల్ అని తెలిస్తేనే స్టార్టర్ తిరుగుతుంది. రివర్స్ అని తెలిస్తేనే వెనక తెల్ల లైటు వెలుగుతుంది, దాంతోపాటు కెమెరా ఆన్ అవుతుంది. మీటర్‌లో అక్షరం కూడా దీన్నుంచే వస్తుంది. సిగ్నల్ నమ్మేలా లేకపోతే కొన్ని కార్లు గేర్లు సరిగ్గా మార్చకుండా సేఫ్ మోడ్‌లోకి వెళ్లిపోతాయి. అంటే నేను కెమెరా ప్రాబ్లం, మీటర్ ప్రాబ్లం, స్టార్టింగ్ ప్రాబ్లం అని విడివిడిగా చూసినవి మూడూ ఒకే చోట నుంచి వచ్చినవి.

చిన్న గమనిక: ఇక్కడ చెప్పేది టార్క్ కన్వర్టర్, సీవీటీ ఆటోమేటిక్‌ల గురించి. మన దగ్గర ఎక్కువగా కనిపించే ఏఎంటీ కార్లలో చాలావాటికి పార్క్ పొజిషనే ఉండదు, లోపల ఏర్పాటు కూడా వేరు. వాటికి ఈ స్టెప్పులన్నీ వర్తించవు.

స్టెప్ 1: ఏ పరికరమూ లేకుండా చేసే చెకింగ్

ముందు హ్యాండ్ బ్రేక్ వేయండి, చక్రాల కింద ఇటుకలు పెట్టండి, ఫుట్ బ్రేక్ మీద కాలు ఉంచండి. తర్వాత ఇవి గమనించి నోట్ చేసుకోండి.

– పార్క్‌లో స్టార్ట్ అవ్వదు, న్యూట్రల్‌లో అవుతుంది: సెన్సార్, దాని అడ్జస్ట్‌మెంట్, షిఫ్ట్ కేబుల్, వైరింగ్‌లలో ఒకదాన్ని అనుమానించాలి.
– లివర్ ఒక చోట ఉంటే మీటర్ ఎప్పుడూ దాని పక్క గేర్‌నే చూపిస్తోంది: కేబుల్ సాగడం లేదా కేబుల్ చివర ప్లాస్టిక్ బుష్ విరగడం అయ్యుండొచ్చు. సెన్సార్ నిజమే చెబుతూ ఉండొచ్చు!
– రెండింటిలోనూ స్టార్ట్ అవ్వదు, మీటర్ మాత్రం కరెక్ట్‌గా చూపిస్తోంది: బ్యాటరీ, స్టార్టర్ రిలే చూడండి. పుష్ బటన్ కార్ అయితే బ్రేక్ లైట్లు వెలుగుతున్నాయో లేదో కూడా చూడండి.
– ఒకసారి బాగుంటుంది, ఒకసారి ఉండదు: కనెక్టర్ లేదా వైర్ వదులైన లక్షణం ఇది. సెన్సార్ లోపలి కాంటాక్టులు అరిగినా ఇలాగే ఉంటుంది.

మాది నాలుగోది. ఇది ముందే రాసుకుని ఉంటే నాకు రూ. 6,800 మిగిలేవి.

స్టెప్ 2: బ్యాటరీ సంగతి తేల్చండి

వీక్ బ్యాటరీ ఉంటే ఎలక్ట్రానిక్స్ అన్నీ పిచ్చి పిచ్చిగా ప్రవర్తిస్తాయి, సంబంధం లేని కోడ్‌లు కూడా వస్తాయి. కార్ కొన్ని గంటలు ఆఫ్‌లో ఉన్నాక ఫుల్ చార్జ్ బ్యాటరీ సుమారు 12.6 వోల్టులు చూపించాలి. ఇంజన్ ఆన్‌లో ఉంటే సాధారణంగా 13.5 నుంచి 14.7 మధ్య ఉంటుంది. మాది 12.5 ఉంది. బ్యాటరీ తప్పు కాదు.

స్టెప్ 3: ఫోన్‌తో కోడ్ చదవడం

స్టీరింగ్ కింద డ్యాష్‌బోర్డ్ అడుగున 16 పిన్నుల సాకెట్ ఒకటి ఉంటుంది. అదే ఓబీడీ పోర్ట్. అమెరికాలో 1996 మోడల్ కార్ల నుంచి ఓబీడీ-2 తప్పనిసరి అయింది, తర్వాత మిగతా దేశాలూ అదే దారి పట్టాయి. దీంట్లో ఈఎల్‌ఎమ్327 టైప్ అడాప్టర్ పెట్టి ఫోన్‌కి కనెక్ట్ చేసుకోవచ్చు. ఆండ్రాయిడ్‌కి మామూలు బ్లూటూత్ అడాప్టర్ సరిపోతుంది. ఐఫోన్‌కైతే బ్లూటూత్ లో ఎనర్జీ లేదా వైఫై ఉన్నదే తీసుకోండి. యాప్‌లలో టార్క్, కార్ స్కానర్ పాపులర్.

మరీ చౌక క్లోన్‌లలో కొన్ని కమాండ్‌లు పనిచేయవు, అవి ఇంజన్ కంప్యూటర్‌ని మాత్రమే చదివి గేర్‌బాక్స్‌ని వదిలేస్తాయి. ఇంకో మాట, పని అయిపోయాక అడాప్టర్ తీసేయండి. ఆ పోర్ట్‌లో బ్యాటరీ కరెంట్ ఎప్పుడూ ఉంటుంది. పైగా చాలావాటి పెయిరింగ్ పిన్ 1234 లేదా 0000, పక్కవాళ్లు కనెక్ట్ అయిపోవడం పెద్ద కష్టం కాదు.

ఈ సెన్సార్‌కి సంబంధించిన కోడ్‌లు ఇవీ:

– పీ0705: సెన్సార్ సర్క్యూట్‌లో లోపం
– పీ0706: సిగ్నల్ వస్తోంది కానీ నమ్మేలా లేదు
– పీ0707: సిగ్నల్ ఉండాల్సిన దానికంటే తక్కువ
– పీ0708: సిగ్నల్ ఉండాల్సిన దానికంటే ఎక్కువ
– పీ0709: సిగ్నల్ వచ్చిపోతోంది

నాకు వచ్చింది పీ0705. ఇక్కడ "సర్క్యూట్" అనే మాటని బాగా గమనించండి. సర్క్యూట్ అంటే సెన్సార్ ఒక్కటే కాదు. సెన్సార్, కనెక్టర్, వైర్లు, ఎర్త్, చివర్లో కంప్యూటర్, అన్నీ కలిపి. నేను దాన్ని "సెన్సార్ పోయింది" అని చదువుకున్నాను. వర్క్‌షాప్ వాళ్లూ అలాగే చదివారు.

కోడ్ కనిపించగానే క్లియర్ బటన్ నొక్కకండి. కోడ్‌తో పాటు సేవ్ అయిన ఫ్రీజ్ ఫ్రేమ్ కూడా పోతుంది. లోపం వచ్చిన క్షణంలో స్పీడ్, ఇంజన్ వేడి వగైరా దాంట్లో ఉంటాయి. ముందు స్క్రీన్‌షాట్ తీసుకోండి.

స్టెప్ 4: లైవ్ డేటా, వైర్ కదిపి చూడటం

అసలు విషయం బయటపడేది ఇక్కడే. ఇంజన్ ఆఫ్, కీ ఆన్‌లో పెట్టి యాప్‌లో గేర్ పొజిషన్ రీడింగ్ తెరవండి. కొన్ని కార్లకి మోడల్ ప్రొఫైల్ విడిగా ఎంచుకోవాలి. అయినా కనిపించకపోతే వర్క్‌షాప్ స్కానర్ ఉన్నవాళ్ల సాయం తీసుకోవాలి. లివర్‌ని పీ నుంచి డీ వరకు, మళ్లీ వెనక్కి, ఒక్కో పొజిషన్‌లో ఐదు సెకన్లు ఆగుతూ కదపండి.

మా కార్‌లో అన్ని పొజిషన్లూ కరెక్ట్‌గా చూపించింది. మూడుసార్లు చేశాను, ఒక్క తప్పు లేదు. పోయిన సెన్సార్ ఇంత బాగా ఎలా పనిచేస్తుంది? అప్పుడు మొదటిసారి డౌట్ వచ్చింది.

మా వీధి చివర ఆటో ఎలక్ట్రీషియన్ అన్న ఉన్నాడు. స్క్రీన్‌షాట్లు చూపిస్తే నవ్వాడు. "తమ్మీ, ఏ లైన్‌ల గడబిడ ఉందో కోడ్ చెప్తది. పార్ట్ పోయిందని చెప్పదు. నువ్వు ఫోన్ చూస్తుండు, నేను వైర్ కదుపుతా" అన్నాడు. ఇంజన్ ఆఫ్‌లోనే ఉంది. ఆయన బానెట్ తీసి గేర్‌బాక్స్ దగ్గర వైర్ల కట్టని మెల్లగా అటూ ఇటూ కదిపాడు. ఫోన్‌లో "పీ" పోయి గీతలు వచ్చాయి. వదిలేస్తే మళ్లీ "పీ". ఇంకోసారి కదిపితే మళ్లీ గీతలు. లివర్‌ని ఎవరూ ముట్టుకోలేదు.

స్టెప్ 5: కనెక్టర్, మల్టీమీటర్

బ్యాటరీ నెగటివ్ తీసి, కనెక్టర్ లాగి చూస్తే లోపల రెండు పిన్నుల మీద పచ్చటి చిలుము. వానాకాలంలో మా సెల్లార్‌లో నీళ్లు నిలుస్తాయి, కనెక్టర్ రబ్బర్ సీల్ ఒకవైపు చిరిగి ఉంది. ఎలక్ట్రికల్ కాంటాక్ట్ క్లీనర్ కొట్టి, ఆరాక పెట్టి, కోడ్ క్లియర్ చేశాం.

అయిపోయిందనుకున్నా. నాలుగో రోజు పీ0705 మళ్లీ వచ్చింది. ఈసారి కూడా సెన్సార్ మీదకే పోయింది మనసు. కానీ అన్న మల్టీమీటర్ తీశాడు. మీరు చేస్తే ఈ వరుసలో చేయండి:

– కీ ఆన్‌లో సెన్సార్‌కి సప్లై వస్తోందా? కార్‌ని బట్టి 5 లేదా 12 వోల్టులు ఉంటుంది, మీ మోడల్ వైరింగ్ డయాగ్రమ్ చూసుకోండి.
– కనెక్టర్ పెట్టి ఉండగానే, సెన్సార్ ఎర్త్ వైర్‌కి, బ్యాటరీ నెగటివ్‌కి మధ్య వోల్టేజ్ ఎంత? 0.1 వోల్ట్ లోపు ఉంటే ఎర్త్ బాగున్నట్టు.
– కాంటాక్ట్ టైప్ సెన్సార్ అయితే కనెక్టర్ తీసి, పీ, ఎన్ రెండింటిలోనూ స్టార్టర్ పిన్నుల మధ్య కంటిన్యుటీ రావాలి. హాల్ సెన్సార్‌కి ఈ టెస్ట్ చేయకండి.
– ఇవన్నీ బాగుండి రీడింగ్ మాత్రం అటూ ఇటుగా ఉంటే అడ్జస్ట్‌మెంట్ చూడండి. చాలా సెన్సార్లకి బోల్టు రంధ్రాలు పొడుగ్గా ఉంటాయి, న్యూట్రల్‌లో పెట్టి గుర్తులు కలిపి బిగిస్తారు.

మా కార్‌లో సప్లై, ఎర్త్ రెండూ బాగున్నాయి. సెన్సార్ కంటిన్యుటీ టెస్ట్ కూడా పాస్ అయింది. దొరికింది చివర్లో. వైర్ వైపు కనెక్టర్‌లో ఒక పిన్ వదులైపోయింది. చిలుము తీసినా పట్టు లేదు. అన్న ఆ పిన్ మార్చి, సీల్ కొత్తది వేసి, రూ. 350 తీసుకున్నాడు. నాలుగు నెలలు అయింది. కోడ్ రాలేదు, కెమెరా కూడా ఒక్కసారి మిస్ అవ్వలేదు.

ఇవి మాత్రం చేయకండి

కొంతమంది ఈ సెన్సార్‌ని బైపాస్ చేసి వైర్లు డైరెక్ట్‌గా కలిపేస్తారు. స్టార్ట్ అవుతుంది, నిజమే. కానీ లివర్ డ్రైవ్‌లో ఉన్నా స్టార్ట్ అవుతుంది, బండి ముందుకు దూకుతుంది. మా సెల్లార్‌లో న్యూట్రల్‌లో ఒక్క అడుగు జారితేనే అందరికీ చెమటలు పట్టాయి. దారిలో ఇరుక్కుని న్యూట్రల్‌లో స్టార్ట్ చేయాల్సి వస్తే, హ్యాండ్ బ్రేక్ వేసి, ఫుట్ బ్రేక్ తొక్కి పట్టుకునే చేయండి. జాకీ మీద లేపిన కార్ కిందకి మాత్రం అస్సలు దూరకండి.

సెన్సార్ నిజంగానే పోయే కేసులూ ఉంటాయి. కనెక్టర్, సప్లై, ఎర్త్, కేబుల్ అన్నీ బాగుండి, వైర్ కదపకపోయినా లైవ్ డేటా తప్పుగా వస్తుంటే అప్పుడు మార్చాల్సిందే. ఆర్డర్ పెట్టాల్సింది ఆ టెస్టులన్నీ అయ్యాకే. మీ వర్క్‌షాప్ కోడ్ చూసి నేరుగా పార్ట్ పేరు చెబితే, "ఏ టెస్ట్ చేసి తేల్చారు?" అని మర్యాదగా అడగండి.

ఇంతకీ ఆ కొత్త సెన్సార్‌ని అమ్మేద్దామంటే నాన్న వద్దన్నారు. "అక్కడే ఉండనీరా. ఇంకోసారి ఆర్డర్ బటన్ నొక్కే ముందు దాన్ని ఒకసారి చూడు" అన్నారు.