మురుగు ఎగదన్నిన ఇంట్లో చీపురు పట్టే ముందు

వానాకాలంలో గ్రౌండ్ ఫ్లోర్‌లో ఉండేవాళ్లకు ఈ చప్పుడు బాగా తెలుసు. బయట వాన దంచికొట్టడం మొదలైన కాసేపటికి బాత్‌రూమ్‌లో నహానీ ట్రాప్ గుడగుడమంటుంది. కమోడ్‌లో నీళ్లు వాటంతటవే పైకి లేస్తాయి. చూస్తుండగానే నల్లటి నీళ్లు జాలీని తోసుకుని హాల్లోకి పారతాయి. హైదరాబాద్ పాత కాలనీల్లో ఈ బాధ మరీ ఎక్కువ. రోడ్డు మీద రోడ్డు వేసుకుంటూ పోయేసరికి చాలాచోట్ల ఇంటి గచ్చు రోడ్డు కంటే కిందికి పోయింది. పైగా డాబా మీది వాననీళ్ల పైపును తెచ్చి డ్రైనేజీ చాంబర్‌లో కలిపేసిన ఇళ్లు ఏ వీధిలో చూసినా ఉంటాయి. మురుగు కోసం వేసిన పైపు వీధి మొత్తం వాననూ మోయలేదు. లైను నిండిపోతే, ఎక్కడ పల్లం దొరికితే అక్కడ ఎగదన్నుతుంది.

ఆ నీళ్లు ఎత్తిపోసేది ఎవరు? పొద్దున్నే డ్యూటీకి పోవాల్సిన ఇంటివాళ్లు కావచ్చు. ఇళ్లలో పనిచేసే ఆమె కావచ్చు. సెల్లార్ గదిలో కాపురముండే వాచ్‌మన్ దంపతులు కావచ్చు, ఏజెన్సీ పంపిన హౌస్‌కీపింగ్ కుర్రాడు కావచ్చు. ఎవరైనా సరే, ఇది రోజూ ఇల్లు తుడిచే పని లాంటిది కాదు. ప్రమాదం ఉన్న పని. దానికి సామాను కావాలి, ఒక వరస కావాలి, విడిగా కూలి కావాలి. కొన్ని చోట్ల ‘నేను చెయ్యను’ అనే ధైర్యం కూడా కావాలి.

అన్నిటికంటే ముందు కరెంటు. నీళ్లలో అడుగు పెట్టకుండా మెయిన్ స్విచ్ అందుతుందా చూడండి. అందితే కట్టేయండి. బోర్డు దగ్గరికి నీళ్లలో నడిచి వెళ్లాల్సి వస్తే వెళ్లొద్దు, 1912కి ఫోన్ చేసి స్తంభం దగ్గరే సరఫరా ఆపించండి. ఇక్కడ చాలామంది మరిచిపోయేది ఇన్వర్టర్. మెయిన్ ఆపినా ఇన్వర్టర్ లైట్లకూ ఫ్యాన్లకూ కరెంటు ఇస్తూనే ఉంటుంది. బ్యాటరీ కింద గచ్చు మీదే ఉండి, చుట్టూ నీళ్లు చేరితే దాని జోలికి పోకుండా ఎలక్ట్రీషియన్ వచ్చేదాకా ఆగాలి. గ్యాస్ సిలిండర్ రెగ్యులేటర్ కట్టేయండి.

అపార్ట్‌మెంట్ అయితే వెంటనే చేయాల్సింది ఇంకొకటి ఉంది. పై అంతస్తుల వాళ్లు కుళాయిలు తిప్పడం ఆపాలి. లైను జామ్ అయినప్పుడు నాలుగో ఫ్లోర్‌లో ఫ్లష్ చేసిందీ, మూడో ఫ్లోర్ వాషింగ్ మెషిన్ వదిలిందీ వచ్చి పడేది కింది ఇంట్లోనే. వాట్సాప్ గ్రూపులో మెసేజ్ పెడితే సరిపోదు, తలుపు తట్టి చెప్పించండి. హైదరాబాద్‌లో జలమండలికి 155313లో ఫిర్యాదు ఇచ్చి, ఫిర్యాదు నంబరు రాసిపెట్టుకోండి. మిగతా ఊళ్లలో మున్సిపల్ ఆఫీసు. సామాను కదిలించకముందే ప్రతి గదినీ ఫోన్‌లో ఫోటోలు, వీడియో తీసుకోండి. ఇంటికి బీమా ఉంటే కంపెనీకి అదే రోజు చెప్పండి. అద్దె ఇల్లయితే ఓనర్‌కు ఆ ఫోటోలు పంపి, రాతపూర్వకంగా మెసేజ్ పెట్టండి. ఆఫీసుకు కూడా ఒక మెసేజ్ పెట్టి సెలవు తీసుకోండి. రెండు గంటల్లో కానిచ్చేసి బస్సెక్కుదామనే తొందరలోనే చేతి తొడుగు లేకుండా పని మొదలవుతుంది.

ఇప్పుడు అసలు భయపడాల్సిన సంగతి. నీళ్లు తగ్గకపోతే ఎవరో ఒకరు ‘చాంబర్ మూత తీసి చూడు’ అంటారు. మూత తీసి కర్ర పెట్టినా కదలకపోతే ‘కొంచెం దిగి చెయ్యి పెట్టు, ఐదు నిమిషాల పని’ అంటారు. దిగొద్దు. వాచ్‌మన్ అయినా, ప్లంబర్ అయినా, ఎవరు ఎంత డబ్బు ఇస్తామన్నా దిగొద్దు. మురుగు నిలిచిన చోట హైడ్రోజన్ సల్ఫైడ్ పుడుతుంది. అది గాలి కంటే బరువు కాబట్టి గుంత అడుగునే ఉంటుంది. కొద్దిగా ఉన్నప్పుడు కుళ్లిన గుడ్డు వాసన వస్తుంది. మోతాదు 100 పీపీఎం దాటే సరికి ముక్కు మొద్దుబారిపోయి ఆ వాసన తెలియడం మానేస్తుంది. ‘వాసన పోయిందిలే’ అనుకునే క్షణమే అన్నిటికంటే ప్రమాదం. ముక్కుకు తువ్వాలు కట్టుకున్నా, ఎన్-95 మాస్కు పెట్టుకున్నా ఆ గ్యాసు ఆగదు.

2015 నవంబరులో కేరళలోని కోళికోడ్‌లో మ్యాన్‌హోల్‌లోకి దిగిన ఇద్దరు ఆంధ్ర కూలీలు ఊపిరాడక పడిపోయారు. ఒక ఆటో డ్రైవరు వాళ్లను కాపాడబోయి దిగాడు. ముగ్గురూ చనిపోయారు. గుంతలో మనిషి పడిపోతే పైనున్నవాళ్లకు కాళ్లు ఆగవు, అది మనిషి స్వభావం. అయినా ఆగాలి. 101కీ 108కీ ఫోన్ చేసి, శ్వాస పరికరాలు ఉన్న ఫైర్ సిబ్బంది వచ్చేదాకా పైనే ఉండాలి.

చట్టం కూడా ఈ మాటే చెబుతోంది. రక్షణ సామగ్రి లేకుండా మనిషిని మురుగు లైన్లోకి, సెప్టిక్ ట్యాంకులోకి దింపడాన్ని 2013 నాటి కేంద్ర చట్టం నిషేధించింది. దింపినవాళ్లకు మొదటి తప్పుకే రెండేళ్ల దాకా జైలు, 2 లక్షల రూపాయల దాకా జరిమానా, లేదా రెండూ పడొచ్చు. ఇది కాంట్రాక్టర్లకే కాదు, ఇంటి ఓనర్‌కూ అపార్ట్‌మెంట్ అసోసియేషన్‌కూ వర్తిస్తుంది. మురుగు లైన్లో చనిపోయినవారి కుటుంబానికి 10 లక్షలు ఇవ్వాలని 2014లో చెప్పిన సుప్రీంకోర్టు, 2023 అక్టోబరులో దాన్ని 30 లక్షలకు పెంచింది. లైను జామ్ తీయడానికి జెట్టింగ్ మిషన్ ఉంది, ఎయిర్‌టెక్ బండి ఉంది. వాటికోసం నాలుగు గంటలు ఎదురుచూడాల్సి వస్తే చూడాలి.

లైను క్లియర్ అయ్యాకే ఇంట్లో కడుగుడు. అంతకుముందు ఎంత తోడినా వృథా. ఇంట్లో పసిపిల్లలు, ముసలివాళ్లు, కాళ్లకు పుండ్లున్న షుగర్ రోగులు ఉంటే చుట్టాలింటికి పంపండి. గర్భిణులను అసలే రానివ్వొద్దు. మురుగు నీటితో వచ్చే హెపటైటిస్-ఈ గర్భిణుల ప్రాణాలకే ముప్పు తెస్తుంది. పనిచేసేవాళ్లకు మోకాలి దాకా వచ్చే గమ్‌బూట్లు, మందపాటి రబ్బరు గ్లౌజులు, చిందులు కళ్లలో పడకుండా అద్దాలు, ముక్కూ నోరూ మూసే మాస్కు ఉండాలి. హార్డ్‌వేర్ షాపులో అన్నీ దొరుకుతాయి. హవాయి చెప్పులతో దిగితే మురుగులో కనపడని గాజుపెంకో, మేకో గుచ్చుకుంటుంది. కాలికో చేతికో తెగిన గాయం ఉన్నవాళ్లు ఆ రోజు పనికి దూరంగా ఉండటమే మంచిది.

వరస ముఖ్యమని ఎందుకన్నానంటే, అందరూ తలకిందులుగా చేసేది ఇక్కడే. నీళ్లు పోగానే పినాయిలు సీసా బోర్లిస్తారు. వాసన అణుగుతుంది, ఇల్లు శుభ్రపడిందనిపిస్తుంది. మురికి మాత్రం అక్కడే ఉంటుంది. బ్లీచింగ్ పౌడర్ కూడా అంతే. బురద ఉన్న గచ్చు మీద చల్లితే అందులోని క్లోరిన్ ఆ బురదతోనే ఖర్చైపోతుంది, క్రిములదాకా చేరదు. కాబట్టి ముందు బురద ఎత్తాలి. పారతో, డస్ట్‌పాన్‌తో, వైపర్‌తో నెట్టాలి. ఎండిపోనిచ్చి చీపురుతో ఊడిస్తే ఆ దుమ్ము గాల్లోకి లేస్తుంది, తడిగా ఉండగానే తీసేయండి. ప్రెషర్ పైపుతో కొట్టినా తుంపరలు గోడలకూ ముఖానికీ ఎగురుతాయి, మామూలు ధారతో కడిగితే చాలు. తర్వాత సర్ఫ్ నీళ్లతో గచ్చు, గోడల అడుగు భాగం, తలుపుల కిందిచెక్క, మంచం కోళ్లు బ్రష్‌తో రుద్ది కడగాలి. నీళ్లు ఎంత ఎత్తుకు వచ్చాయో గోడ మీద నల్లటి చార కనిపిస్తుంది. ఆ చారకు మరో మూర పైదాకా కడగండి.

ఆ తర్వాత బ్లీచింగ్. పది లీటర్ల ప్లాస్టిక్ బకెట్ నీళ్లకు మంచి రకం బ్లీచింగ్ పౌడర్ 150 గ్రాములు వేసి కలిపితే సుమారు అర శాతం క్లోరిన్ ద్రావణం వస్తుంది. సున్నం కిందికి దిగాక పైతేట వాడాలి. గచ్చు మీద పోసి అరగంట తడిగా ఉంచి, మంచినీళ్లతో కడగాలి. ఏళ్ల తరబడి మూలన పడి గడ్డకట్టిన పౌడర్‌లో చేవ ఉండదు. కొత్త ప్యాకెట్ కొనండి.

ఒక్క మాట గట్టిగా చెప్పాలి. బ్లీచింగ్‌తో యాసిడ్ కలపకండి. మనిళ్లలో బాత్‌రూమ్ అంటే యాసిడ్ సీసా తీయడం అలవాటు. కమోడ్ కడిగే చాలా టాయిలెట్ క్లీనర్లలో ఉండేది కూడా హైడ్రోక్లోరిక్ యాసిడే. బ్లీచింగ్ చల్లిన గచ్చు మీద అది పడితే క్లోరిన్ గ్యాస్ లేస్తుంది. కిటికీ లేని చిన్న బాత్‌రూమ్‌లో రెండు మూడు పీల్పులకే గొంతు పట్టేస్తుంది, ఊపిరితిత్తులు దెబ్బతింటాయి. ఒకరు బ్లీచింగ్ చల్లి వెళ్లాక, ఆ సంగతి తెలియని ఇంకొకరు వచ్చి యాసిడ్ పోయడం చాలా సులభంగా జరిగిపోతుంది. ఆ రోజుకు యాసిడ్ సీసా ఇంట్లోంచి బయటపెట్టేయండి. గ్యాస్ లేచినట్టు అనిపిస్తే ఏమీ కడగబోకుండా బయటికి వచ్చేయండి.

ఏవి ఉంచాలి, ఏవి పారేయాలి అన్నదగ్గర మనసు ఒప్పుకోదు. మురుగు పీల్చుకున్న దూది పరుపు, దిండ్లు, సోఫా ఫోమ్, కార్పెట్ ఎండలో పెట్టినా బాగుపడవు. ఉబ్బిన ప్లైవుడ్, పార్టికల్ బోర్డు అల్మారాలూ అంతే. టేకు మంచం, స్టీలు బీరువా, ప్లాస్టిక్ కుర్చీలు కడిగితే నిలుస్తాయి. నీళ్లు తగిలిన బియ్యం బస్తా, పప్పులు, పిండి, కూరగాయలు, మునిగిన ఆవకాయ జాడీ, పాలపీక సీసాలు, చెక్క చపాతీ పీట పారేయాల్సిందే. నెల మొదట్లో తెచ్చుకున్న బియ్యం పారబోయడం ఎంత కష్టమో తెలుసు. అయినా కడిగి వండుకోవద్దు. స్టీలు గిన్నెలు సబ్బుతో తోమి మరిగే నీళ్లలో వేసి తీస్తే చాలు. బట్టలు విడిగా, వేణ్నీళ్లతో, సర్ఫుతో ఉతికి ఎర్రటి ఎండలో ఆరేయండి. నీళ్లు తగిలిన ఫ్రిజ్, వాషింగ్ మెషిన్, మిక్సీ ఎలక్ట్రీషియన్ చూడనిదే ప్లగ్‌లో పెట్టొద్దు.

ఇల్లంతా కడిగాక కూడా మర్చిపోయేది సంపు. మన ఇళ్లలో సంపు మూత, డ్రైనేజీ చాంబర్ మూత పక్కపక్కనే ఉంటాయి. వాకిట్లో మురుగు నిలిచిందంటే సంపులోకి దిగిందనే అనుకోవాలి. మోటారు వేసి ఆ నీళ్లు పైట్యాంకులోకి ఎక్కించకండి, ఎక్కిస్తే బిల్డింగ్ మొత్తానికి అంటుతుంది. సంపు పూర్తిగా తోడించి, గోడలు రుద్ది కడిగించి, నిండా నీళ్లు పట్టి, వెయ్యి లీటర్లకు 150 గ్రాముల చొప్పున బ్లీచింగ్ కలిపి రాత్రంతా ఉంచి, పొద్దున ఆ నీళ్లు వదిలేయాలి. సంపు కూడా గాలి ఆడని గుంతే. దాంట్లోకి నేరుగా మనిషిని దింపొద్దు. మోటారు కనెక్షన్ తీసేసి, మూత తెరిచి గాలి ఆడనిచ్చి, పొడవాటి బ్రష్‌తో పైనుంచే కడిగే ట్యాంక్ క్లీనింగ్ వాళ్లను పిలవండి. అంతవరకు తాగడానికీ వంటకూ వాటర్ క్యాన్, లేదా వేరే మంచి నీళ్లు తెచ్చి మరగకాచినవి వాడండి.

2024 సెప్టెంబరులో బుడమేరు పొంగి విజయవాడ సింగ్‌నగర్ చుట్టుపక్కల ఇళ్లు రోజుల తరబడి నీళ్లలో ఉన్నాయి. నీళ్లు తీశాక ఇళ్లు కడగడానికి ఫైరింజన్లనే దింపాల్సి వచ్చింది. కడగడమే అంత పని అయితే, ఆ తర్వాత ఆరబెట్టడం మరో పని. తడి ఒకటి రెండు రోజులు దాటితే గోడకు బూజు పడుతుంది. కిటికీలు తెరిచి, కరెంటు తనిఖీ అయ్యాక ఫ్యాన్లు తిప్పి, బీరువాలు గోడకు దూరంగా జరిపి ఉంచండి. గోడ పూర్తిగా ఆరకముందే పుట్టీ పెట్టి రంగు వేయిస్తే ఆ డబ్బు గోడలో పోసినట్టే.

పనిచేయించుకునేవాళ్లకు ఒక మాట. ‘ఎలాగూ రోజూ వస్తుంది కదా’ అని ఈ పని నెలజీతంలో కలిపేయొద్దు. బూట్లు, గ్లౌజులు మీరే కొనివ్వండి. కూలి ముందే మాట్లాడండి. పని అయ్యాక స్నానానికి వేణ్నీళ్లు, సబ్బు, మార్చుకోవడానికి బట్టలు ఇవ్వండి. తడిసిన బట్టలతో వాళ్ల పిల్లల దగ్గరికి పంపకండి. మీరే పనిచేసేవాళ్లయితే ఇవన్నీ అడిగి తీసుకోండి, ఇవ్వనంటే పని ఒప్పుకోకండి. సెల్లార్‌లో ఉండే వాచ్‌మన్ గదే మొదట మునుగుతుంది. దాన్ని అందరికంటే ముందు శుభ్రం చేయించడం, అప్పటిదాకా వాళ్లకు పైన చోటు చూపడం అసోసియేషన్ బాధ్యత.

పని మధ్యలో చేయి నోటి దగ్గరికి పోనివ్వొద్దు. టీ తాగాలన్నా, బీడీ కాల్చాలన్నా గ్లౌజులు తీసి, సబ్బుతో కడుక్కున్నాకే. ఏదైనా గుచ్చుకుంటే వెంటనే ధార కింద సబ్బుతో కడిగి ఆస్పత్రికి వెళ్లండి. ధనుర్వాతం ఇంజెక్షన్ వేయించుకుని ఐదేళ్లు దాటితే మళ్లీ వేస్తారు.

ఆ తర్వాత నెల రోజులు ఒంటిని గమనించుకోండి. విరేచనాలు రెండు మూడు రోజుల్లోనే మొదలవ్వొచ్చు. ఎలుకల మూత్రంతో వచ్చే లెప్టోస్పైరోసిస్ సాధారణంగా వారం, రెండు వారాలకు బయటపడుతుంది. జ్వరం, పిక్కల్లో తీపు, కళ్లు ఎరుపెక్కడం దాని గుర్తులు. చాలామంది దాన్ని వైరల్ జ్వరం అనుకుని పారాసిటమాల్ వేసుకుంటారు, కిడ్నీల దాకా వచ్చాక ఆస్పత్రికి పోతారు. కామెర్లు తేలడానికి ఇంకా ఎక్కువ రోజులు పట్టొచ్చు. జ్వరం వచ్చిన రోజునే వెళ్లి, డాక్టరు అడగకపోయినా ‘ఫలానా రోజు మురుగు నీళ్లలో పనిచేశాను’ అని ముందే చెప్పండి. ఏ పరీక్ష రాయాలో ఆ ఒక్క మాటతో ఆయనకు తెలుస్తుంది.